వియత్నాం చేతివృత్తుల ఊళ్ల టూర్: అరగంట కుమ్మరి సారె తిప్పితే ఆ ఊరికి ఏమొస్తుంది?

కాలినడక:
అందరికీ నమస్కారం. సంక్రాంతి సెలవులకి అమ్మానాన్నలతో హనోయి, హోయి ఆన్ వెళ్తున్నాం. ట్రావెల్స్ వాళ్లు ఇచ్చిన ప్లాన్‌లో సగం టైం చేతివృత్తుల ఊళ్లకే పోతోంది. బాట్ చాంగ్‌లో కుండ చేయడం, క్వాంగ్ ఫూ కౌలో అగరుబత్తి పుల్లల మధ్య ఫొటోలు, చువోంగ్‌లో కోన్ టోపీ కుట్టడం, హోయి ఆన్ పక్కన చా క్వేలో ఆకుకూరల మడి తవ్వి వంట నేర్చుకోవడం. నాన్న హుషారుగానే ఉన్నారు. మా బావ మాత్రం "అదంతా టూరిస్టుల కోసం వేసిన సెట్టింగు, ఆ డబ్బుతో హా లాంగ్ బేలో ఇంకో రాత్రి ఉండండి" అంటున్నాడు. వెళ్లొచ్చినవాళ్లు చెప్పండి. ఈ టూర్లవల్ల ఆ ఊళ్లకి నిజంగా ఏమైనా ఒరుగుతుందా?

నిలకడ:
నాదీ మీ బావ మాటే. బాట్ చాంగ్ సంగతి తీసుకోండి. హనోయి నుంచి పదిహేను కిలోమీటర్లు కూడా ఉండదు. ఎర్ర నది ఒడ్డున కొన్ని వందల ఏళ్లుగా మట్టిపని మీద బతుకుతున్న ఊరు, దండం పెట్టాల్సిన ఊరు. అక్కడ మనల్ని సారె ముందు కూర్చోబెడతారు, మట్టిముద్ద చేతిలో పెడతారు, పక్కన ఒకమ్మాయి సాయం పడుతుంది, అరగంటలో వంకర గిన్నె ఒకటి తయారవుతుంది. కానీ పక్క షెడ్డులోకి తొంగి చూడండి. అక్కడ చాలా సరుకు సారె మీద చేయరు. పలచగా కలిపిన బంకమట్టిని ప్లాస్టర్ అచ్చుల్లో పోస్తారు. అచ్చు తడి పీల్చుకుని లోపల గోడ కట్టాక మిగిలిన మట్టినీళ్లు వంచేస్తారు. బయటికి తీశాక అతుకు గీతని కత్తితో గీకి, తడి స్పాంజితో తుడిచి, కుంచెతో నీలం పూలు దిద్దుతారు. కుంచె పట్టుకున్నావిడ ఒక గీతని రెండోసారి ముట్టుకోదు. ఊరిని నిలబెడుతున్న పనితనం అది. దాని ముందు ఎవరూ కుర్చీ వేయరు. మనం మనసులో అనుకుని వచ్చిన కుమ్మరిని మనకి చూపించి పంపేస్తారు. పైగా ఆ గిన్నె చాలాసార్లు ఆరబెట్టి ఇచ్చేదే, కాల్చింది కాదు. నీళ్లు పోస్తే కరిగిపోతుంది. బట్టీకెక్కి దిగాలంటే రోజులు పడుతుంది, టూరిస్టుకి అంత టైం ఎక్కడిది?

పట్టు ఊరు వాన్ ఫుక్‌కి వెళ్తే ఇంకా జాగ్రత్త. 2017లో ఖైసిల్క్ అనే పేరున్న వియత్నాం బ్రాండ్ చైనా సరుకుకి తమ ముద్ర వేసి అమ్మిందని బయటపడింది, యజమానే ఒప్పుకున్నాడు. ఆ కంపెనీ తప్పుని ఊరి మీద రుద్దను. కానీ వీధిలో వేలాడే ప్రతి స్కార్ఫూ అక్కడి మగ్గం మీద నేసిందే అనుకుని కొనకండి.

హనోయి_తెలుగు:
నేను ఇక్కడే ఉద్యోగం చేస్తున్నాను. నిలకడ గారు అచ్చుల గురించి చెప్పింది నిజం. సెట్టింగు అనడం మాత్రం నాకు మింగుడుపడలేదు. ఎందుకో క్వాంగ్ ఫూ కౌ సంగతితో చెప్తాను. అది మన పూజగదికి సంబంధించిన ఊరు.

హనోయికి దక్షిణంగా 35 కిలోమీటర్ల దూరంలో ఉంది. ఇన్‌స్టాలో కనిపించే ఎర్రటి వాకిళ్లు అక్కడివే. ఆ ఫొటోల్లో ఉన్నవి అగరుబత్తులు కావు, ఇంకా మసాలా పూయని వెదురు పుల్లలు. ముక్కు దగ్గర పెట్టుకుంటే వాసనే రాదు. వెదురు చీల్చి, సన్నగా పుల్లలు తీసి, కట్టలు కట్టి, పట్టుకునే కొసని రంగునీళ్లలో ముంచుతారు. తర్వాత కట్ట నడుము బిగించి అంచుని విప్పార్చి ఎండలో నిలబెడతారు. అలా అయితేనే లోపలి పుల్లకి గాలి తగులుతుంది. కెమెరాలు రాకముందు నుంచీ ఆరబెట్టే పద్ధతే అది. దేశపటం ఆకారంలో పేర్చడం మాత్రం ఫొటోల కోసం వచ్చిందే, ఒప్పుకుంటాను.

ఈ పుల్లలు చాలా ఏళ్లు పెద్ద ఎత్తున మన దేశానికే వచ్చేవి. 2019 ఆగస్టు చివర మన ప్రభుత్వం అగరుబత్తుల దిగుమతిని 'ఫ్రీ' నుంచి 'రిస్ట్రిక్టెడ్'లోకి, అంటే అనుమతి ఉంటేనే తెచ్చుకునే జాబితాలోకి మార్చింది. 2020 జూన్‌లో వెదురు పుల్లల మీద సుంకం 10 శాతం నుంచి 25కి పెంచింది. మన దగ్గర బత్తీలు చుట్టుకుని బతికే ఆడవాళ్లని కాపాడటానికి తీసుకున్న నిర్ణయం అది, దాన్ని తప్పుపట్టను. కానీ ఆ దెబ్బ ఈ ఊరికి గట్టిగా తగిలింది. కొనేవాడు ఒక్క సంతకంతో ఆగిపోయినప్పుడు, వాకిట్లో ఫొటోకి మనిషికి 50,000 డాంగ్‌లు, అంటే మన లెక్కలో సుమారు 170 రూపాయలు తీసుకుంటే దాన్ని నాటకం అనగలమా? వాళ్లు పని మానేసి వేషం వేయలేదు. పని చేసే చోటికే టికెట్ పెట్టుకున్నారు.

నిలకడ:
మీరు చెప్పింది బాధ కలిగించే విషయమే. అయినా నా ప్రశ్న అలాగే ఉంది. ఆ 50,000 ఎవరి చేతికి వెళ్తుంది? రోడ్డు పక్కన పెద్ద వాకిలి ఉన్నవాళ్లకి. సందు చివర ఇంట్లో కూర్చుని పుల్లలు చీల్చే ముసలమ్మకి ఏం దక్కుతుంది? టూర్ కంపెనీ మన దగ్గర మనిషికి వేలల్లో వసూలు చేసి ఊళ్లో ఖర్చుపెట్టేది ఆ టికెట్ డబ్బే అయితే, మేలు జరిగింది ఊరికా, కంపెనీకా? దక్షిణాన మెకాంగ్ నది టూర్లలో బెన్ చే కొబ్బరి మిఠాయి దుకాణాల దగ్గర ఇది కళ్లారా చూడొచ్చు. పాకం గరిటె పదినిమిషాలు తిప్పనిచ్చి, ముప్పావుగంట షాపులో తిప్పుతారు.

పోచంపల్లి_మగ్గం:
మాది నేతపని చేసే ఇల్లు, అందుకే ఈ విషయంలో కొంచెం గట్టిగా మాట్లాడతాను. ఏమీ అనుకోకండి.

పోచంపల్లిని 2021లో ఐరాస పర్యాటక సంస్థ ఉత్తమ పర్యాటక గ్రామాల్లో ఒకటిగా ఎంపిక చేసింది. కాలినడక గారి ప్లాన్‌లో ఉన్న చా క్వేకి అదే గుర్తింపు 2024లో వచ్చింది. గుర్తింపు వచ్చాక జనం వస్తారు, సంతోషమే. కానీ చాలామంది లోపలికి వచ్చి, మగ్గం ఆపించి, గుంటలో కాళ్లు పెట్టి ఫొటో దిగి, "ధర ఎక్కువండీ" అని వెళ్లిపోతారు. నేతగాడికి కూలి చీర లెక్కన వస్తుంది. మగ్గం ఆగిన పావుగంట అతని జేబులోంచి పోయినట్టే. పలకరించడానికి వచ్చినవాళ్లని కసురుకోలేక ఊరుకుంటాడు.

అందుకే వియత్నాంలో సారె ముందు కూర్చోవడానికి ఇంత, ఫొటోకి ఇంత అని బోర్డు పెట్టడం నాకు నచ్చింది. హోయి ఆన్ పక్కనే థాన్ హా అని మట్టిపని ఊరు ఉంది, అక్కడ ఊళ్లోకి అడుగుపెట్టడానికే టికెట్. ఒకావిడ నిలబడి కాలితో సారె తన్నుతుంటే ఇంకొకావిడ కూర్చుని కుండ లేపుతుంది. ఆ ఇద్దరి టైమ్‌కి వెల కట్టారు. మనం నేర్చుకున్నది నిజమైన విద్యా కాదా అన్నది నా దృష్టిలో చిన్న ప్రశ్న. అరగంటలో ఏ విద్యా రాదు. మా అమ్మ ఏళ్ల తరబడి ఆసు పోసింది (నేతకి ముందు దారాన్ని చేత్తో మేకుల చుట్టూ తిప్పే పని), భుజం నొప్పి ఇప్పటికీ ఉంది. అది ఏ టూరిస్టుకీ చూపించలేం, చూపించాలనీ లేదు. పనివాడి చేయి ఆపినందుకు డబ్బిచ్చామా లేదా, అడగాల్సింది అదొక్కటే.

జనం పట్టించుకోకపోతే ఏమవుతుందో కూడా చూడండి. దక్షిణ తీరాన, ఒకప్పటి నిన్ థువాన్ రాష్ట్రం వైపు ఉన్న బావు చుక్ ఊళ్లో చాం జాతి ఆడవాళ్లు అసలు సారె లేకుండా, కుండ చుట్టూ తామే తిరుగుతూ చేత్తో రూపం తెస్తారు. బట్టీ కూడా ఉండదు, ఆరుబయట కట్టెలు, గడ్డి పేర్చి కాలుస్తారు. అంత అపురూపమైన విద్యని 2022లో యునెస్కో తక్షణం కాపాడుకోవాల్సిన వారసత్వాల జాబితాలో చేర్చాల్సి వచ్చింది.

కాలినడక:
ఇంత వివరంగా చెబుతున్నందుకు అందరికీ థాంక్స్ అండి. ఇంకో టెన్షన్: అమ్మ గుడ్డు కూడా తినదు. చా క్వే వంట క్లాసులో ఆవిడకి ఏమైనా ఉంటుందా?

వంటింటి_కబురు:
ఉంటుందండీ, ముందే చెబితే. చా క్వేలో వంటకన్నా మడి దగ్గరే ఎక్కువసేపు గడపండి. ఊరి పక్క నీళ్లలో పెరిగే నాచు తీసుకొచ్చి మట్టిలో కలిపి తవ్వుతారు, వాళ్ల ఎరువు అదే. తర్వాత కావడికి రెండు నీళ్ల డబ్బాలు తగిలించుకుని రెండు మడులకీ ఒకేసారి చల్లుతారు. మొదటిసారి ఎత్తినవాళ్లకి భుజం ఒక పక్కకి లాగేస్తుంది. తులసిజాతి ఆకులు, పుదీనా, ఇంకా మన దగ్గర దొరకని రకాలు గిల్లి వాసన చూసుకుంటూ వెళ్తుంటే టైం తెలియదు.

బాన్ సెయో నేర్పిస్తారు. బియ్యప్పిండి, పసుపు కలిపి వేడి పెనం మీద పోయడం అచ్చం మన అట్టే. తేడా అంతా లోపల పెట్టేదాంట్లో: రొయ్యలు, పందిమాంసం. అమ్మగారికి పుట్టగొడుగులు, మొలకలు పెట్టమనండి. అసలు చిక్కు చేప సాస్‌తో. నంజుకునే గిన్నెలో అందరికీ అదే పోస్తారు, మాంసం లేదు కాబట్టి పర్వాలేదు అనుకుంటారు. "ఆన్ చాయ్", అంటే శాకాహారం అని చెప్పండి. అక్కడి బౌద్ధులు చాలామంది పాడ్యమికి, పౌర్ణమికి మాంసం మానేస్తారు కాబట్టి ఆ మాట అందరికీ తెలుసు. సోయా సాస్ వేరే గిన్నెలో ఇస్తారు. గుడ్డు వద్దని మాత్రం విడిగా చెప్పాలి, కొన్నిచోట్ల శాకాహారం అంటే గుడ్డు వేసేస్తారు.

నిలకడ:
పోచంపల్లి గారి వాదనలో బలం ఉంది. చేయి ఆపినందుకు వెల కట్టడం న్యాయమే. కానీ ఆ న్యాయం జరగాలంటే మధ్యలో కంపెనీ ఉండకూడదు. ప్యాకేజీ ధరలో ఏ ఇంటికి ఎంత ఇస్తున్నారో కాలినడక గారు ట్రావెల్స్ వాళ్లని అడగాలి. చెప్పలేకపోతే ఆ భాగం తీసేయమనాలి.

హనోయి_తెలుగు:
అడిగితే ఎవరూ లెక్క చెప్పరండీ. దానికన్నా తేలిక దారి ఉంది. బాట్ చాంగ్‌కి హనోయిలోని లాంగ్ బియన్ బస్టాండు నుంచి సిటీ బస్సు వెళ్తుంది. పెద్దవాళ్లతో ఇబ్బంది అనుకుంటే కారు మాట్లాడుకోండి. సారె దగ్గర డబ్బు చేతికే ఇవ్వండి, తర్వాత సందుల్లోకి నడిచి కుంచె పని చేసే ఇంట్లోనే కప్పులు కొనుక్కోండి. నిలకడ గారు చెప్పిన ఆ గీత అప్పుడు దగ్గర్నుంచి చూడొచ్చు.

క్వాంగ్ ఫూ కౌకి సంక్రాంతి మంచి సమయం. టెట్ పండుగ, అంటే వాళ్ల కొత్త సంవత్సరం ముందు వారాల్లో పని జోరుగా సాగుతుంది. టెట్ వారంలో మాత్రం ఏ ఊళ్లోనూ పని నడవదు, తేదీలు చూసుకోండి.

చువోంగ్‌ని మాత్రం తీసేయకండి. అక్కడ టోపీ మొదలయ్యేది కుట్టుతో కాదు, ఆకుతో. ముడుచుకున్న ఆకుని కాలే ఇనుప రేకు మీద వేసి, గుడ్డ మూటతో అదిమి లాగుతారు. వేడి తక్కువైతే ఆకు మళ్లీ ముడుచుకుంటుంది, ఎక్కువైతే మాడిపోతుంది. ఆ తర్వాతే పదహారు వెదురు చుట్ల అచ్చు మీద పరిచి, చుట్టు చుట్టుకీ సూదితో కుడతారు. టూరిస్టుకి ఇచ్చేది కుట్టు. మీరు ఆకు సాఫు చేసే పని అడగండి, ఇస్తారు. చాంద్రమాన నెలలో 4, 10, 14, 20, 24, 30 తేదీల్లో టోపీల సంత జరుగుతుంది. తెల్లారేసరికి అక్కడ ఉండాలి, ఎండెక్కేలోపు అయిపోతుంది. ఆ రోజు కుదిరితే కుట్టినవాళ్ల దగ్గరే కొనండి, బేరం ఆడకండి.