పీస్‌ఫుల్ మోడ్ అంటే శాంతపరచడమా, మాయం చేయడమా? మా ఇంటి మైన్‌క్రాఫ్ట్ గొడవకి తీర్పు చెప్పండి

బావిగట్టు (చర్చ మొదలుపెట్టింది నేనే)

కజిన్స్ ఆరుగురం కలిసి మైన్‌క్రాఫ్ట్‌లో ఒక జావా (కంప్యూటర్ వెర్షన్) వరల్డ్ నడుపుతున్నాం. సర్వర్ మా పెద్దన్నయ్య లాప్‌టాప్‌లో ఉంటుంది. ఈమధ్య మా అక్క కొడుకు, ఎనిమిదేళ్ళవాడు, చేరాడు. క్రీపర్ (దగ్గరికొచ్చి పేలిపోయే జీవి) బుస్సుమంటే చాలు, మౌస్ వదిలేసి వంటింట్లోకి పరుగు. అందుకని వాడు వచ్చినప్పుడల్లా అన్నయ్య డిఫికల్టీని (ఆట కష్టం స్థాయిని) పీస్‌ఫుల్‌కి, అంటే శత్రు జీవులు మాయమయ్యే మోడ్‌కి, మారుస్తాడు, వాడు వెళ్ళాక మళ్ళీ నార్మల్‌కి తెస్తాడు. ఎవరికీ చెప్పడు.

శనివారం రాత్రి నేను ఒక జాంబీ విలేజర్‌ని (జాంబీగా మారిన ఊరివాణ్ణి) గుంతలో దించి, పైన కప్పు వేసి, వీక్‌నెస్ స్ప్లాష్ పోషన్ (బలహీనపరిచే మందు) విసిరి, గోల్డెన్ యాపిల్ తినిపించాను. వణకడం మొదలైంది. మూడు నుంచి ఐదు నిమిషాల్లో మామూలు మనిషి అవ్వాలి. నేమ్ ట్యాగ్‌తో సుబ్బయ్య అని పేరు కూడా పెట్టాను. ఇంతలో మేనల్లుడు లాగిన్ అయ్యాడు, అన్నయ్య పీస్‌ఫుల్ నొక్కాడు. గుంత ఖాళీ. నేమ్ ట్యాగ్ ఉన్న జీవి దానంతటది మాయమవ్వదు గానీ, పీస్‌ఫుల్ ముందు ఆ ట్యాగ్ కూడా పనిచేయదు.

అన్నయ్య అనేది: "పిల్లాడి భయం కన్నా నీ జాంబీ ఎక్కువా?" నేననేది: ఈ ఆటలో చాలా జీవులకి కోపం రాకుండా చూసుకునే పద్ధతి ఆట లోపలే ఉంది, వాడికి అది నేర్పుదాం, స్విచ్ నొక్కి అన్నిటినీ తుడిచేయడం శాంతపరచడం కాదు. మీరేమంటారు?

కాగడా_కింగ్

ఇంత తత్వం దేనికి? రానివ్వకపోతే శాంతపరిచే పనే లేదు. 1.18 వెర్షన్ నుంచి శత్రు జీవులు పుట్టాలంటే ఆ చోట కాగడా, దీపం లాంటివాటి వెలుగు పూర్తిగా సున్నా ఉండాలి. అంతకుముందు 7 వరకూ పుట్టేవి. కాగడా వెలుగు 14. లెక్క వేసుకోండి. ఇంటి చుట్టూ నాలుగు వరసలు పాతి పడుకోండి.

బావిగట్టు

అన్నా, ఇంటి చుట్టూ ఎప్పుడో పాతాను. క్రీపర్ పక్క అడవిలో పుట్టి నడుచుకుంటూ వస్తోంది. దానికి కాళ్ళు నాలుగు.

ఒక్కప్రాణం

నేను హార్డ్‌కోర్ తప్ప ఆడను. ఒక్క ప్రాణం, పోతే వరల్డ్ పోయినట్టే. కాబట్టి పీస్‌ఫుల్ మీద నా అభిప్రాయం చెప్పనక్కర్లేదు. కానీ బావిగట్టు వాదన కూడా నాకు ఎక్కలేదు. మీరు "శాంతపరచడం" అంటున్నవి ఏంటో ఒకసారి చూడండి. పిల్లిని చూసి క్రీపర్ పారిపోతుంది: అది భయం. ఒంటిమీద ఒక్క బంగారు కవచం ఉంటే పిగ్లిన్ (నెదర్ అనే నరకలోకంలో ఉండే పంది మనిషి) వదిలేస్తుంది: అది లంచం. ఎండర్‌మ్యాన్ (పొడుగాటి నల్ల జీవి) కళ్ళలోకి చూడకూడదు: అది తల దించుకుని పోవడం. జాంబిఫైడ్ పిగ్లిన్ ఒక్కదాన్ని కొడితే చుట్టుపక్కల గుంపంతా మీద పడుతుంది, ఆ కోపం వెంటనే చల్లారాలంటే మీరు చచ్చిపోవాలి. నిజంగానే, 1.16లో అలాంటి రూల్ పెట్టారు, ఆటగాడు చనిపోతే వాటి పగ తీరిపోతుంది.

ఇందులో ఏ జీవి మనసు మారింది? కత్తి తీసుకోండి, పని చూసుకోండి.

పిల్లి_పిన్ని

ఒక్కప్రాణం గారూ, భయం అని తేలిగ్గా తీసేశారు. నాకు ఈ ఆట మా అమ్మాయి నేర్పింది, అప్పటికి నాకు నలభై దాటాయి. మొదటి నెల నేనూ ఆ పిల్లాడిలాగే వణికాను, వంటింట్లోకి పరిగెత్తలేదంతే, ఎందుకంటే నేను ఆడేదే వంటింట్లో.

నన్ను మార్చింది పిల్లి. ఊళ్ళో తిరిగే పిల్లి దగ్గరికి పచ్చి చేప చేతిలో పట్టుకుని వెళ్ళాలి. చటుక్కున కదిలితే పారిపోతుంది. కదలకుండా నిలబడితే అదే మెల్లగా వస్తుంది. రెండు మూడు చేపలు తిన్నాక మెడలో పట్టీ వస్తుంది, ఇక మనదే. నాలుగు పిల్లుల్ని నాలుగు గుమ్మాల దగ్గర కూర్చోబెట్టాను. క్రీపర్లు ఆరు బ్లాకుల లోపలికి రావు. ఆటలో నిద్రపోకుండా మూడు రోజులు గడిపితే పైనుంచి వచ్చి పొడిచే ఫాంటమ్‌లు కూడా పిల్లి దగ్గరికి రావు. క్రీపర్ మనసు మారలేదు, నిజమే. నా మనసు మారింది. ఆ బాబుకి కావలసింది కూడా అదే కదా?

అర్ధరాత్రి మైనర్

లంచం అన్నారు కాబట్టి పిగ్లిన్ల గురించి కొంచెం మాట్లాడాలి, ఎందుకంటే నెదర్‌లో నేను ఎక్కువగా చచ్చింది వాటి చేతుల్లోనే.

మొదట్లో నేనూ లంచమే అనుకున్నాను. నాలుగు బంగారు కడ్డీలతో బూట్లు చేసుకుని, ఇక నాకు తిరుగులేదనుకుని బాస్టియన్‌లోకి (పిగ్లిన్ల కోటలోకి) నడిచాను. నిజంగానే ఎవరూ పట్టించుకోలేదు. ఒకడు నన్ను చూసి పక్కకి జరిగాడు కూడా. ధైర్యం వచ్చి ఎదురుగా ఉన్న పెట్టె తెరిచాను. అంతే. బూట్లు కాళ్ళకి ఉండగానే పోయాను. వాళ్ళ కళ్ళముందు పెట్టె తెరిచినా, బంగారం తవ్వినా, బంగారు కవచం పనికిరాదు. ఇంకొకసారి గోడ చాటున పెట్టె తెరిచి బయటపడ్డాను, కానీ మెట్ల కింద బ్రూట్ (పిగ్లిన్లలో మొరటువాడు) ఉన్నాడు. వాడికి బంగారం, మర్యాద, ఏదీ పట్టదు.

అప్పుడు నాకు అర్థమైంది. లంచం అయితే ఇచ్చాక ఏం చేసినా ఊరుకోవాలి. ఇది ఎవరింటికో వెళ్ళడం లాంటిది. గడప దగ్గర చెప్పులు విప్పారని బీరువా తెరవనిస్తారా? ఎండర్‌మ్యాన్ కూడా అంతే. గుమ్మడికాయని కత్తెరతో చెక్కి తలకి పెట్టుకుంటే చూసినా ఊరుకుంటాడు, కానీ మీకు సగం స్క్రీన్ కనపడదు. తేనెటీగలైతే తుట్టె కింద క్యాంప్‌ఫైర్ పెట్టి పొగ వేశాక తేనె తీస్తే కుట్టవు, మా ఊళ్ళో తేనె తీసేవాళ్ళు చేసేదీ ఇదే. ఒక్కొక్కదానికి ఒక్కో గుణం. అది తెలుసుకోవడంలోనే నాకు ఆట మజా ఉంది. పీస్‌ఫుల్‌లో అది మొత్తం పోతుంది, అందుకే నా ఓటు బావిగట్టుకి.

ఒక్కప్రాణం

బీరువా పోలిక బాగుంది, ఒప్పుకుంటాను. కానీ అసలు కేసుకి రండి. సుబ్బయ్యని మనిషిని చేయడానికి ఏం కావాలి? వీక్‌నెస్ పోషన్‌కి సాలీడు కన్ను. పోషన్ కాచే స్టాండ్‌కి బ్లేజ్ (నెదర్‌లోని నిప్పు జీవి) కడ్డీ, దానికి ఇంధనం కూడా బ్లేజ్ పొడే. స్ప్లాష్‌గా మార్చడానికి గన్‌పౌడర్, అది ఎక్కువమంది తెచ్చుకునేది క్రీపర్‌ని చంపే. అంటే ఒక్కడి రోగం కుదర్చడానికి కనీసం మూడు శవాలు. దీన్ని కరుణ అంటే నేను నవ్వుతాను.

బావిగట్టు

😐 ఇది నేను ఆలోచించలేదు.

రెడ్‌స్టోన్ రాజు

నేను ఇంకా వింతది చెప్తాను. ఊళ్ళోవాళ్ళని జాంబీ చంపితే ఈజీలో వాళ్ళు చనిపోతారు, అంతే. నార్మల్‌లో సగం మంది జాంబీ విలేజర్లు అవుతారు. హార్డ్‌లో అందరూ అవుతారు. అంటే తిరిగి మనిషిని చేసుకునే అవకాశం పూర్తిగా ఉండేది హార్డ్‌లోనే. సుబ్బయ్యలంటే అంత ప్రేమ ఉంటే హార్డ్ పెట్టుకోండి.

పైగా అందరూ జాలితోనే నయం చేస్తారనుకోకండి. నయమైనవాడు కృతజ్ఞతతో సరుకులు చవగ్గా ఇస్తాడు. 1.20.2కి ముందు ఆ తగ్గింపు ప్రతిసారీ పెరిగేది. అందుకని లైబ్రేరియన్‌ని (పుస్తకాలు అమ్మే ఊరివాణ్ణి) కావాలని జాంబీ ముందు వదిలి, కరిపించి, నయం చేసి, మళ్ళీ కరిపించేవాళ్ళం. నేనూ చేశాను. ఒక్క ఎమరాల్డ్‌కి (ఆటలో డబ్బు అదే) పుస్తకం వచ్చేది. ఇప్పుడు మొదటిసారికి మాత్రమే పెద్ద తగ్గింపు.

పిల్లి_పిన్ని

అయ్యయ్యో. పాపం కాదూ!

పెద్దన్నయ్య_నేనే

మావాడే లింక్ పంపాడు. ఒరేయ్, సుబ్బయ్య విషయంలో తప్పు నాదే, గ్రూప్‌లో ఒక్క మాట అడిగి ఉండాల్సింది. గోల్డెన్ యాపిల్‌కి పట్టిన ఎనిమిది కడ్డీలు నా పెట్టెలోంచి తీసుకో.

కానీ మిగతా వాళ్ళకి ఒక మాట. మీరంతా పిల్లాడికి ఏం నేర్పాలా అని మాట్లాడుతున్నారు. నేర్పమని ఎవరడిగారు? వాడు వచ్చింది మామయ్యలతో ఇల్లు కట్టుకోవడానికి. పీస్‌ఫుల్‌లో ఆకలి వేయదు, దెబ్బ తగిలినా వెంటనే మానుతుంది, వాడు రెండు గంటలు ఆపకుండా రైలు పట్టాలు వేశాడు, నదికి అటు నుంచి ఇటు. ముందు రోజు నార్మల్‌లో క్రీపర్ వాడి గోడ పేల్చేస్తే రాత్రి లైటు తీయొద్దన్నాడట, మా అక్క నాకు ఫోన్ చేసింది. మీకు పిగ్లిన్ల గుణం తెలుసుకోవడం మజా. వాడి మజా పట్టాలు. ఒకరి మజా కోసం ఇంకొకడు ఎందుకు భయపడాలి?

ఒక్కప్రాణం

దీనికి నా దగ్గర జవాబు లేదు. వేరే వరల్డ్ పెట్టుకోండి అనడం తప్ప.

పెద్దన్నయ్య_నేనే

వేరే వరల్డ్‌లో మామయ్యలు ఉండరు కదండీ.

అర్ధరాత్రి మైనర్

అన్నగారూ, మీరన్నది న్యాయమే. ఒక్కటి మాత్రం అడుగుతాను: వాడికి హ్యాపీ ఘాస్ట్ చూపించారా?

తెలియనివాళ్ళ కోసం: ఘాస్ట్ అంటే నెదర్‌లో ఏడుస్తూ తేలుతూ నిప్పు గుండ్లు విసిరే తెల్లటి జీవి, 2010 నుంచీ ఆటలో ఉంది. 2025 జూన్‌లో వచ్చిన 1.21.6లో దాని పిల్లని పెంచే పద్ధతి పెట్టారు. సోల్ శాండ్ వ్యాలీలో ఎముకల పక్కన ఎండిపోయిన ఘాస్ట్ దొరుకుతుంది. తెచ్చి నీళ్ళలో పెడితే మెల్లగా మొహం విప్పారి, ఆటలో ఒక రోజు, అంటే ఇరవై నిమిషాల్లో, పిల్ల ఘాస్ట్ అవుతుంది. మంచు ఉండలు తినిపిస్తే త్వరగా పెరుగుతుంది. పెద్దయ్యాక హార్నెస్ (జీను) కట్టి నలుగురు ఎక్కి ఎగరొచ్చు. ఒక్కప్రాణం గారు అడిగిన "మనసు మారిన జీవి" ఇదే. దీనికి ఎవర్నీ చంపక్కర్లేదు, నెదర్‌కి వెళ్ళి తెచ్చే పని మామయ్యలు చూసుకుంటే చాలు. నీళ్ళు పోసేది వాడు.

ఒక్కప్రాణం

మనసు మారలేదు, చిన్నప్పటి నుంచీ వేరేగా పెరిగింది. అది వేరు. కానీ సరే, బాగుంది.

కాగడా_కింగ్

కాగడాల సంగతి ఎవరూ పట్టించుకోలేదన్నమాట.

బావిగట్టు (రెండు వారాల తర్వాత)

జరిగింది చెప్తాను. ఇప్పుడు డిఫికల్టీ ఈజీలో ఉంది. పీస్‌ఫుల్ కావాలంటే ముందు గ్రూప్‌లో అడగాలి, గుంతలో ఎవరైనా వణుకుతుంటే ఐదు నిమిషాలు ఆగాలి.

ఎండిన ఘాస్ట్ ఇంకా దొరకలేదు. పిన్నిగారి సలహా మాత్రం పనిచేసింది. మేనల్లుడు పావుగంట కదలకుండా చేప పట్టుకుని నిలబడి ఒక నల్ల పిల్లిని మచ్చిక చేసుకున్నాడు. స్కూల్లో అంతసేపు కుదురుగా ఎప్పుడూ కూర్చోలేదని అక్క అంటోంది. ఆ సాయంత్రం క్రీపర్ వచ్చి, పిల్లిని చూసి వెనక్కి తిరిగింది. వీడు పిల్లిని వెంటేసుకుని దాన్ని చెరువు దాకా తరిమాడు. ఎంత నవ్వాడో చెప్పలేను. అన్నీ సర్దుకున్నాయి అనుకుంటుండగా ఎండర్‌మ్యాన్ కళ్ళలోకి చూశాడు. మళ్ళీ వంటింట్లోకి పరుగు. ఆ రాత్రికి పీస్‌ఫుల్, నేనే పెట్టమన్నాను. మర్నాడు గుమ్మడికాయ చెక్కిచ్చాను, రైలు పట్టాలు కనపడట్లేదని తీసేశాడు.

ఇప్పుడు వాడి దగ్గర ఏడు పిల్లులు. అన్నీ వెళ్ళి మా సామాను పెట్టెల మీద కూర్చుంటున్నాయి. పిల్లి కూర్చున్న పెట్టె తెరుచుకోదు. వాటిని కదిపే మాబ్ (ఆటలోని జీవి) ఏదైనా ఉంటే చెప్పండి, త్వరగా. అన్నయ్య ఇస్తానన్న ఎనిమిది కడ్డీలు ఆ కింద పెట్టెలోనే ఉన్నాయి.