అప్‌డేట్: జైలు నుంచి వచ్చిన మా తమ్ముడి బ్యాంకు ఖాతా, పని సంగతి

సంక్రాంతి ముందు అడిగాను కదా: తమ్ముడు రాజమండ్రి సెంట్రల్ జైల్లో నాలుగేళ్లుండి వచ్చాడు, బ్యాంకు ఖాతా పనిచేయడం లేదు, పనికి ఎవరూ పిలవడం లేదు అని. రెండూ తేలాయి. జవాబిచ్చిన అందరికీ థాంక్స్.

ఖాతా ఆగింది కేసు వల్ల కాదు. రెండేళ్లు లావాదేవీ లేకపోతే ఎవరి ఖాతా అయినా అంతేనట. ఉచిత న్యాయసహాయం నంబరు 15100కి ఫోన్ చేయమన్న సలహాయే పనికొచ్చింది. న్యాయసేవా వాలంటీరు ఒకావిడ అమలాపురంలో మాతోపాటు బ్యాంకుకు వచ్చారు. ముందు వేలిముద్ర వేసి ఆధార్‌కు కొత్త ఫోన్ నంబరు ఎక్కించాం (ఓటీపీలన్నీ ఎప్పుడో పోయిన సిమ్‌కి వెళ్లేవి!), తర్వాత కేవైసీ ఇచ్చాం. ఖాతా మళ్లీ తెరిచినందుకు రూపాయి తీసుకోలేదు.

పోలీసు క్లియరెన్స్ కాగితం కోసం నెల రోజులు ఊరికే తిరిగాను, అది ఎవరూ అడగనే లేదు. ఆర్‌సెటి (బ్యాంకులు నడిపే స్వయం ఉపాధి శిక్షణ కేంద్రం) ఉచిత శిక్షణ కూడా వాడికి అవసరం పడలేదు. ఏ పనీ రానివాళ్లకు మాత్రం మంచిదే, తిండి, బస వాళ్లే చూస్తారు.

వీడు జైల్లో వడ్రంగం నేర్చుకున్నాడు. రావులపాలెం దగ్గర తలుపులు చేసే మేస్త్రి టేకు చెక్క ఒకటి ముందు పెట్టి, "చిత్రిక పట్టు, చూద్దాం" అన్నాడు. పట్టాక అంచు బొటనవేలితో నిమిరి, "ఎక్కడ నేర్చావురా?" అని అడిగాడు. వీడు దాచకుండా చెప్పేశాడు. నాకు గుండె జారింది. ఆయన కాసేపు ఊరుకుని, "సోమవారం రా, క్యారేజీ తెచ్చుకో" అన్నాడు.

రేషన్ కార్డులో పేరు ఇంకా ఎక్కలేదు. సచివాలయంలో దరఖాస్తు ఇచ్చాం.