మూడు తరాలైనా జర్మనీల టర్కీవాళ్ళను బయటోళ్ళనే అంటరట, ఎందుకు?

బల్లార్షా అక్క

నమస్తే అందరికి. మాది చంద్రపూర్ జిల్లా. మా తాత కరీంనగర్ దిక్కునుంచి బొగ్గుబాయిల పనికొచ్చి ఇక్కడ్నే ఉండిపోయిండు. ఇంట్ల తెలుగు, బయట మరాఠీ, హిందీ. మా తమ్ముడు నర్సింగ్ చదివి మొన్ననే జర్మనీ పోయిండు, గెల్సన్‌కిర్షెన్‌ల దవాఖాన నౌకరి. వాడుండే బిల్డింగుల కింది ఇంట్ల టర్కీ పెద్దాయన ఒకాయన ఉంటడు. 1969ల బొగ్గుబాయికే వచ్చిండట, ఇప్పటికీ జర్మన్ తడుముకుంటనే మాట్లాడుతడట. ఆయన మనవరాలు తమ్ముని దవాఖానలనే డాక్టరు, అక్కడ్నే పుట్టింది. అయినా "మీదే దేశం?" అని పేషెంట్లు అడుగుతరట. ఇది విన్నకాడ్నుంచి అమ్మకు ఒకటే రంది. వాళ్ళు కలవలేదా, జర్మనోళ్ళు కలుపుకోలేదా? తెలిసినోళ్ళు చెప్పున్రి.

బరంపురం టు కొలోన్

అక్కా, మాది బరంపురం, ఉద్యోగం కొలోన్‌లో. నేననేది ఒక్కటే: వీళ్ళు ఉండిపోతారని మొదట్లో రెండు పక్కలా ఎవరూ అనుకోలేదు. 1961 ఆగస్టులో బెర్లిన్ గోడ లేచి తూర్పు జర్మనీ నుంచి పనివాళ్ళు రావడం ఆగింది. అక్టోబరు 30న పనివాళ్ళ కోసం టర్కీతో ఒప్పందం. ఇస్తాంబుల్‌లో పళ్ళతో సహా ఒళ్ళంతా పరీక్ష చేసి రైలెక్కించేవారు. రెండేళ్ళకి మించి ఉండకూడదన్నారు. పని నేర్చినవాణ్ణి పంపేస్తే యజమానులకే నష్టం, అందుకే 1964లో ఆ షరతు తీసేశారు. కానీ భాష నేర్పే ఏర్పాటు ఎవరు చేశారు? బయటి నుంచి వచ్చినవాళ్ళకి భాష, ఇక్కడి పద్ధతులు నేర్పే ఇంటిగ్రేషన్ కోర్సులు దేశమంతటా వచ్చింది 2005లో. మీరు చెప్పిన పెద్దాయన జీవితం అప్పటికే గనిలో గడిచిపోయింది.

1973లో కొత్తవాళ్ళని తీసుకోవడం ఆపేశారు. ఒకసారి వెళితే మళ్ళీ రానివ్వరని ఉన్నవాళ్ళు భార్యాబిడ్డల్ని తెచ్చుకున్నారు. 1983లో, పని పోయినవాళ్ళు దేశం వదిలి వెళితే 10,500 మార్కులు, బిడ్డకి 1,500 చొప్పున ఇస్తామని చట్టమే చేశారు! ఇక్కడ పుట్టిన పిల్లలకి పుట్టుకతో పౌరసత్వం 2000 నుంచే, అదీ 2024 దాకా తల్లో తండ్రో ఎనిమిదేళ్ళుగా ఉంటేనే ఇచ్చేవారు. మీ తాతగారికి బల్లార్షాలో ఓటుంది. పౌరసత్వం లేకపోతే ఆ పెద్దాయనకి పార్లమెంటు ఎన్నికల్లో ఓటే లేదు.

కొలోన్‌లో నేను సరుకులకి వెళ్ళే వీధి కోయిప్‌స్ట్రాసె. రెండు పక్కలా టర్కీ మిఠాయి కొట్లు, బంగారం షాపులు, అద్దాల వెనక తళతళలాడే పెళ్ళిబట్టలు. 2004 జూన్ 9న అక్కడ సెలూన్ ముందు సైకిల్ మీద పెట్టిన మేకుల బాంబు పేలి 22 మంది గాయపడ్డారు. పోలీసులు ఏళ్ళ తరబడి ఆ వీధివాళ్ళనే అనుమానించారు, మీలో మీకే గొడవలని. పెట్టింది నయా నాజీలని 2011లో బయటపడింది. దెబ్బ తిన్నవాణ్ణే ముద్దాయిలా నిలబెడితే, ఇంటికెళ్ళి పిల్లలకి "ఇది మన దేశం" అని ఏ నోటితో చెబుతాడు? ఆ వీధిలో నడిచినప్పుడల్లా నాకు కోపం వస్తుంది.

పర్లాకిమిడి మాస్టారు

బాబూ, అంతా జర్మన్‌ల మీదికే నెట్టకు. మా ఊరిని ఒడిశాలో కలపడంతో మేం 1936 ఏప్రిల్‌లో ఊరు కదలకుండానే ఒడిశావాళ్ళమయ్యాం. ఇంట్లో తెలుగే, అయినా అర్జీ పెట్టాలంటే ఒడియా కావాలి, నేర్చుకున్నాం. వాళ్ళకి ఆ అవసరం ఎందుకు పట్టలేదు? ఇమాములు టర్కీ నుంచి, పెళ్ళికూతుళ్ళూ అక్కడి పల్లెల నుంచే. నోరు విప్పే భాష రాని ఊళ్ళో నాలుగు గోడల మధ్య పడ్డ ఆ ఆడపిల్లల గతేమిటి?

బరంపురం టు కొలోన్

ఆ ఆడపిల్లల మాట నిజం మాస్టారూ. పెళ్ళి చేసుకుని వచ్చేవారు ముందే ప్రాథమిక జర్మన్ పరీక్ష పాసవ్వాలని 2007లో చట్టం తెచ్చారు, మంచిదే అంటాను. కానీ మీకు అర్జీ పెట్టే హక్కుంది, మీ పిల్లలు కలెక్టరూ కావచ్చు. ఇక్కడ చాలా రాష్ట్రాల్లో నాలుగో క్లాసు అవగానే పై చదువుల బడికి ఎవరు, పని నేర్చే బడికి ఎవరు అని విడదీస్తారు. ఇంట్లో జర్మన్ లేని పిల్ల పదేళ్ళకే వెనకపడుతుంది. ఆ డాక్టరమ్మ అది దాటిందంటే చిన్న విషయం కాదు. కోవిడ్ టీకా తయారుచేసిన బయోఎన్‌టెక్ కంపెనీ ఉగుర్ షాహిన్ తండ్రి కూడా ఇక్కడి ఫోర్డ్ ఫ్యాక్టరీ కార్మికుడే.

అక్కా, పెద్దాయనకి ఈ కబురు చెప్పించండి: 1974 జూన్ 30 లోపు వచ్చిన ఆ తరానికి 2024 చట్టంలో పౌరసత్వ పరీక్ష తీసేశారు, రోజువారీ మాట్లాడే జర్మన్ చాలు. టర్కీ పౌరసత్వం వదలక్కర్లేదు.

బల్లార్షా అక్క

చెప్పిస్త అన్నా. మరి మా తమ్ముడు కూడ తీస్కోవచ్చా?

బరంపురం టు కొలోన్

అయిదేళ్ళ తర్వాత పెట్టుకోవచ్చు. జర్మనీ రెండూ ఉంచుకోమన్నా మన దేశం ఒప్పుకోదు, భారత పాస్‌పోర్టు అప్పగించాలి. తర్వాత ఓసీఐ కార్డు (వేరే దేశం పౌరులైన భారత సంతతివాళ్ళకి మన ప్రభుత్వం ఇచ్చేది) తీసుకుంటే రాకపోకలకి ఇబ్బంది లేదు, ఇల్లు కొనుక్కోవచ్చు. సాగుభూమి కొనలేడు, మన దేశంలో ఓటు పోతుంది. అమ్మగారితో మాట్లాడుకుని నిదానంగా తేల్చుకోమనండి.