దిగిపోయిన వాయుసేనాధిపతికి గవర్నర్, రాయబారి పదవులు: గౌరవమా, ఎరనా?

సిరోంచ_పోరడు:
పోటీ పరీక్షలకు చదువుకునే మా గుంపుల నిన్న లొల్లి అయింది. ఇద్రీస్ హసన్ లతీఫ్ గురించి. 1923ల హైదరాబాద్‌ల పుట్టిండు, 1942ల ఎయిర్‌ఫోర్స్‌ల చేరిండు, 1978 నుంచి 1981 దాకా వాయుసేనాధిపతి. తర్వాత మన మహారాష్ట్రకు గవర్నర్, 1985ల ఫ్రాన్స్‌కు రాయబారి. నేనైతే ఇసుంటి పదవులు ఇయ్యొద్దంట. సర్కారు తప్పు చేస్తే కాదని చెప్పాల్సిన మనిషికి రాజ్‌భవన్ ఊరిస్తుంటే నోరెట్ల లేస్తది? ఐఎఫ్‌ఎస్ (విదేశాంగ సర్వీసు) రాసి ఏండ్లకేండ్లు ఎదురుచూసినోడు ఏమైపోవాలె?

అంకీస_మాస్టర్:
తమ్మీ, మనిషిని కూడ చూడాలె. 1947ల పాకిస్తాన్ పోతున్న దోస్తులు ఆయన్ను రమ్మన్నరు. అందుల అస్గర్ ఖాన్, నూర్ ఖాన్ ఉన్నరు, ఇద్దరూ తర్వాత అక్కడి వాయుసేనకు అధిపతులైండ్రు. అప్పటికి హైదరాబాద్ ఇంకా నిజాం చేతులనే ఉండె. మన గోదావరి అవతలి ఒడ్డు కాళేశ్వరం నిజాం రాజ్యం, ఇవతల సిరోంచ ఇండియా. సొంతూరు ఏ దేశంల పడ్తదో తెల్వని రోజులల్ల ఆయన ఇండియా వాయుసేనలనే ఉంట అన్నడు. అసుంటోడు కుర్సీకి ఆశపడి నోరు మూసుకుంటడా?

సిరోంచ_పోరడు:
సార్, ఆయన్ను నేనేమన్న అంటినా? నేనడిగేది పద్ధతి. ఒక మంచోడు వచ్చిండని తలుపు బార్లా తీస్తే, ఎన్కొచ్చేటోళ్లంత ఆయన లెక్కనే ఉంటరా?

బల్లార్షా_బండి:
లెక్క చూడుండ్రి. అంతకుముందు వాయుసేనాధిపతి అర్జన్ సింగ్ 1969ల దిగిండు, 1971ల స్విట్జర్లాండ్‌కు రాయబారి, 1974ల కెన్యాకు హైకమిషనర్. నడుమ రెండేండ్ల ఎడం ఉన్నది. లతీఫ్ 1981 ఆగస్టుల దిగిండు, 1982 మార్చిల గవర్నర్. ఏడు నెలలు నిండలే. నా పేచీ పదవితోని కాదు, ఈ తొందరతోని.

ఇగ పారిస్ ముచ్చట. విమానాలు అమ్మే ఫ్రాన్స్‌కే రాయబారిగ పోయిండు గదా, వాళ్లకు అనుకూలంగ చేసి ఉంటడని అనుమానం రావచ్చు. ఆయన అధిపతిగ ఉన్నప్పుడు వచ్చింది బ్రిటన్ దగ్గర కొన్న జాగ్వార్ యుద్ధ విమానం. ఆ పోటీల ఫ్రెంచోళ్ల మిరాజ్ ఎఫ్1 ఓడిపోయింది. మిరాజ్ 2000 ఒప్పందం 1982ల అయితే అప్పటికి ఆయన యూనిఫాం ఇడిచిండు. ఇంక ఫ్రెంచోళ్లకు మొహమాటపడ్డడని ఎట్లంటరు? ఆ మిరాజ్‌లు 1985ల రావట్టినయి, అదే ఏడు ఆయన అక్కడికి పోయిండు. విడిభాగాలు ఆలస్యమైతయని కంపెనీవాళ్లు కథ చెప్తే, హరికేన్, స్పిట్‌ఫైర్ యుద్ధ విమానాలు నడిపినోనికి అది కథనో నిజమో తెలుస్తది. ఎయిర్ అటాషేగ (రాయబార కార్యాలయంల వాయుసేన ప్రతినిధిగ) వాషింగ్టన్‌ల పని చేసిన అనుభవం ఉండనే ఉండె.

ప్రాణహిత_ఒడ్డు:
అన్నలూ, మీరంత పారిస్‌లనే తిరుగుతున్నరు. మన గడ్చిరోలి జిల్లా 1982 ఆగస్టు 26న అయింది, ఆయన గవర్నర్‌గ ఉన్నప్పుడే. మా తాత సాత్‌బారా (భూమి కాయిదం) మీద జిల్లా చాందా, బాపు బడి కాయిదం మీద చంద్రపూర్, నాదాంట్ల గడ్చిరోలి. మేం ఇల్లు కదిలిందే లేదు. జిల్లా చేసింది మంత్రివర్గం, గవర్నర్‌ది పేరు మాత్రమే, అది సరే. కని రాజ్యాంగం 371(2) కింద మన విదర్భ అభివృద్ధి బోర్డు 1994ల వచ్చినంక కథ మారింది. నిధులు ప్రాంతాలకు సమంగ పంచుడుల గవర్నర్‌కు ప్రత్యేక బాధ్యత వచ్చింది, 2020ల బోర్డు గడువు ముగిసేదాక నడిచింది. అందుకే నాకు రాయబారి పదవితోని ఇబ్బంది లేదు, భయమంత గవర్నర్ పదవితోనే. ఢిల్లీకి రుణపడ్డ మనిషి ముంబైల కూసుంటే, సిరోంచ రోడ్డు కోసం ఎవలతోని కొట్లాడుతడు?

సిరోంచ_పోరడు:
అక్కా, నా మనసుల మాట చెప్పినవ్. బల్లార్షా అన్న చెప్పిన రెండేండ్ల గడువు రాయబారికైతే నాకూ సమ్మతమే. గవర్నర్‌కు మాత్రం అసలే వద్దు.

అంకీస_మాస్టర్:
బడికి టైమైతుంది, రాత్రికి రాస్త. అప్పటిదాక ఇది చెప్పు తమ్మీ: ఎలక్షన్ల ఓడిన లీడర్‌ను మర్నాడే రాజ్‌భవన్‌కు పంపితే అడిగేటోడు లేడు, రుణం ముచ్చట సిపాయి దగ్గరనే ఎందుకొస్తది?