ఓపెన్ మ్యారేజ్‌లో వీటో ఉండాలా, వద్దా?

చర్చా వేదిక, విశాఖపట్నం: దాంపత్యం విభాగం

తీరం_నిర్వహణ

ఓపెన్ మ్యారేజ్‌కి ఇద్దరూ ఇష్టపడి ఒప్పుకున్న దంపతుల్లో ఒకరికి, రెండో వారి బయటి సంబంధాన్ని "ఇక చాలు, ఆపెయ్" అనే హక్కు ఉండాలా? వీటో అంటున్నది దీన్నే.

ముందు మాటలు తేల్చుకుందాం. లేకపోతే తలా ఒకదాని గురించి వాదిస్తాం. దంపతులు కలిసే వెళ్లి మరో జంటతో శారీరకంగా మాత్రమే కలవడం స్వింగింగ్. ఎవరికి వారు విడిగా కలుస్తూ, ప్రేమ మాత్రం ఇంటికే అనుకుంటే ఓపెన్ మ్యారేజ్. బయటి బంధంలోనూ ప్రేమ ఉండొచ్చని ఒప్పుకుంటే పాలీ. "నువ్వు చెప్పకు, నేను అడగను" అనేది ఇంకో రకం. ఒకరికి తెలియకుండా జరిగేది వీటిలో దేని కిందకీ రాదు, అది మోసం. సొంత కథలు, పరిచయాల వెతుకులాట ఇక్కడ వద్దు.

మధురవాడ_లెక్కలు

ఉండాలి. 20 ఏళ్ల ఇంటి లోను, బడికెళ్లే పిల్లలు, కింది పోర్షన్‌లో అత్తమామలు. ఈ బరువంతా ఆ ఇద్దరిదే. బయటి మనిషి అర్ధరాత్రి ఫోన్లు చేయడం మొదలుపెట్టినా, చేబదులంటూ డబ్బు అడిగినా, పిల్లల స్కూల్ దగ్గర కనిపించినా, ఇంట్లో ఉన్న మనిషికి ఆపే దారి ఒకటి ఉండాలి. వీటో తీసేస్తే మిగిలేది రెండే: నోరు మూసుకుని భరించడం, లేదా విడాకులు. ఆ రెంటికీ మధ్య ఒక మెట్టు ఉండాలన్నది నా వాదన.

ఇంకో సంగతి. మొదటి ఆరు నెలలు ఎవరి మనసు ఎలా తిరుగుతుందో వాళ్లకే తెలియదు. కాగితం మీద ఒప్పుకున్నది, శనివారం రాత్రి 11 గంటలకి ఇంట్లో ఒంటరిగా కూర్చున్నప్పుడు ఒప్పుకున్నట్టు ఉండదు.

సీతమ్మధార_కౌన్సెలింగ్

లెక్కలు గారూ, మీరు వీటో అని ఒకే మాట వాడారు గానీ అందులో రెండు వేరు హక్కులున్నాయి. సంబంధం మొదలవకముందే "ఈ మనిషి వద్దు" అనడం ఒకటి. ఎనిమిది నెలలు గడిచాక "రేపట్నుంచి కలవకు" అనడం ఇంకొకటి. మొదటిది పనిచేస్తుంది, ఉండాలి కూడా. రెండోది దాదాపు ఎప్పుడూ బెడిసికొడుతుంది. ఎందుకంటే అప్పటికి అవతల ఉన్నది ఒక మనిషి, ఆ మనిషికీ ఆశలుంటాయి. ఏరు దాటాక తెప్ప తగలేసినట్టు వదిలేయమంటే, వదిలేసిన భర్తో భార్యో ఆ కోపాన్ని ఇంట్లోనే చూపిస్తారు. లేదా వదిలేశామని చెప్పి గుట్టుగా కొనసాగిస్తారు. ఒప్పందంతో మొదలైనది అక్కడే మోసంగా మారుతుంది.

రెండో దాని బదులు "విరామం" పెట్టుకోవడం మేలు. ఎవరడిగినా 14 రోజులు కొత్తగా కలవడాలు ఉండవు. ఆ 14 రోజుల్లో కనీసం రెండుసార్లు కూర్చుని మాట్లాడాలి. కారణం చెప్పకుండా విరామం అడగొచ్చు గానీ, దాన్ని పొడిగించాలంటే కారణం చెప్పాలి.

వారానికోసారి ఇద్దరూ కూర్చుని మాట్లాడుకోవడం తప్పనిసరి. ఆదివారం పొద్దున్నే 40 నిమిషాలు, ఫోన్లు పక్క గదిలో పెట్టి. మొదట వచ్చే వారం ఎవరు ఎప్పుడు ఇంట్లో ఉండరో చూసుకోవాలి, తర్వాత డబ్బు, తర్వాత ఆరోగ్య పరీక్షలు, చివర్లో మనసు. ఈ వరస తిరగేస్తే మనసు దగ్గరే గంట గడిచిపోయి, పిల్లాణ్ని ట్యూషన్ నుంచి ఎవరు తేవాలో తేలదు. గొడవలు ఎక్కువగా పుట్టేది ఈ చిన్న లెక్కల దగ్గరే.

అసూయ గురించి ఒక్క మాట. "నాకు ఈర్ష్యగా ఉంది" అంటే అవతలి వాళ్లకి ఏం చేయాలో తెలియదు. దాన్ని విడదీయాలి. పోయేది సమయమా? పోలికా? నలుగురికీ తెలిసిపోతుందన్న భయమా? డబ్బా? సమయమైతే వారంలో ఒక సాయంత్రం ఇద్దరికే కేటాయించుకుంటే తగ్గుతుంది. పోలిక అయితే పడగ్గది వివరాలు ఇంటికి మోసుకురావద్దని నియమం పెట్టుకోవాలి. ఎవరిని, ఎక్కడ, ఎప్పుడు, ఏ జాగ్రత్తతో అన్నవి చాలు. శాన్‌ఫ్రాన్సిస్కోలో ఒకప్పుడు ఉన్న కెరిస్టా అనే సమష్టి గృహం వాళ్లు, భాగస్వామి బయటి ఆనందాన్ని చూసి తానూ ఆనందించడానికి "కంపర్షన్" అని పేరు పెట్టారు. అది కలిగితే మంచిదే. కలగలేదని ఎవరినీ తక్కువ చేయకూడదు, అది ఒప్పందంలో షరతు కాకూడదు.

గాజువాక_భారతి

మీ ఇద్దరూ వీటో గురించి మాట్లాడుతున్నారు. నా ప్రశ్న అంతకంటే ముందుది. మొదటి రోజున "వద్దు" అనగలిగే స్థితి ఆవిడకి ఉందా?

ఉద్యోగం లేదు, ఫ్లాట్ ఆయన పేరు మీద, బంగారం అత్తగారి లాకర్‌లో, పుట్టింట్లో తమ్ముడి పెళ్లి కాలేదు. అలాంటి ఇంట్లో భర్త మెల్లిగా, ప్రేమగానే అడిగినా, ఆవిడ చెప్పే "సరే"ని అంగీకారం అని నేను అనలేను. కాబట్టి ఒప్పందం గురించి ఆలోచించే ముందు ఇవి చూడండి: ఆవిడ ఒక్కరి పేరు మీదే ఉన్న ఖాతాలో ఆరు నెలల ఇంటి ఖర్చుకు సరిపడా డబ్బు ఉందా? స్త్రీధనం ఆవిడ చేతికి అందేలా ఉందా? "వద్దు" అన్నాక మళ్లీ ఆరు నెలల దాకా ఆ ప్రస్తావన రాదని ఆయన మాటిచ్చి నిలబడగలడా? వారం వారం అడిగి ఆరోసారి సంపాదించిన "సరే" విసుగుతో వచ్చింది, ఇష్టంతో కాదు.

రెండోది, అడిగేనాటికే ఆయన జీవితంలో ఒక మనిషి ఉంటే అది అనుమతి అడగడం కాదు, మాఫీ అడగడం. అలా మొదలైనది నిలబడదు. ముందు ఆ సంబంధం పూర్తిగా ఆపి, జరిగినదాని గురించి మాట్లాడుకుని, ఆ తర్వాత ఎప్పటికో ఈ ప్రశ్నకు రావాలి.

మూడోది, "నువ్వు ఆడవాళ్లతో మాత్రమే, నేనూ ఆడవాళ్లతోనే" అని భర్త పెట్టే నియమం. పైకి సమానంగా కనిపిస్తుంది. నిజానికి అవకాశం మొత్తం ఒకవైపే ఉంటుంది.

ద్వారకానగర్_వకీలు

చట్టం సంగతి చెప్తాను, చాలామంది సగమే తెలుసుకుని ధైర్యపడుతున్నారు.

జోసెఫ్ షైన్ కేసులో సుప్రీంకోర్టు 2018 సెప్టెంబర్ 27న వ్యభిచారాన్ని నేరంగా చూసిన ఐపీసీ 497ను కొట్టేసింది. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహిత (బీఎన్‌ఎస్)లోనూ వ్యభిచారం నేరంగా లేదు. కానీ హిందూ వివాహ చట్టం 13(1)(i) కింద అది విడాకులకు కారణంగా ఇప్పటికీ ఉంది. అదే చట్టం 23(1)(b) ప్రకారం, ఆ పనికి తోడ్పడినవారికి, చూసీ చూడనట్టు ఊరుకున్నవారికి, క్షమించినవారికి ఆ కారణం మీద ఊరట దొరకదు. అంటే మీ వాట్సాప్‌లోని "సరే, వెళ్లిరా" అన్న మెసేజ్ రేపు ఫ్యామిలీ కోర్టులో ఒకరికి కవచం అవుతుంది, ఇంకొకరికి అడ్డం అవుతుంది.

మీరు రాసుకునే ఒప్పంద పత్రాన్ని, వీటో షరతుతో సహా, ఏ కోర్టూ అమలు చేయదు. స్టాంపు పేపరు మీద రాసి నోటరీ చేయించినా అంతే. దాని విలువ మీ ఇద్దరి జ్ఞాపకం కోసమే.

భరణం దగ్గర దెబ్బ భార్యకే తగులుతుంది. కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం బీఎన్‌ఎస్‌ఎస్ 144(4) ప్రకారం "వ్యభిచారంలో జీవిస్తున్న" భార్యకు ఆ సెక్షన్ కింద భరణం రాదు. ఒకసారి జరిగినదాన్ని కాకుండా, కొనసాగుతున్న జీవనాన్ని కోర్టులు చూస్తాయి. ఓపెన్ మ్యారేజ్‌లో ఉండేది సరిగ్గా ఆ కొనసాగడమే. భారతి గారు చెప్పిన ఆరు నెలల డబ్బు అందుకే ఆభరణం లాంటిది కాదు, అవసరం.

బిడ్డ పుడితే, సాక్ష్య అధినియం 116 ప్రకారం కాపురం సాగుతున్న కాలంలో పుట్టిన బిడ్డకు చట్టం దృష్టిలో తండ్రి భర్తే. ఆ కాలంలో దంపతులకు కలిసే అవకాశమే లేదని రుజువైతే తప్ప మారదు. రెండో పెళ్లి జోలికి వెళ్లొద్దు, గుడిలో తాళి కట్టినా సరే: బీఎన్‌ఎస్ 82 కింద ఏడేళ్ల దాకా శిక్ష. 84 కూడా ఉంది. పరాయి భార్యను అక్రమ సంబంధం కోసం తీసుకెళ్లడం, పుసలాయించి తీసుకెళ్లడం ఇంకా నేరమే. బయటి మగవాడికి ఇది తెలిసి ఉండాలి.

మన ఊరికి ప్రత్యేకంగా ఒకటి. తూర్పు నౌకాదళ కేంద్రం ఇక్కడే. సైనిక దళాల క్రమశిక్షణ చర్యలకు 2018 తీర్పు అడ్డు కాదని సుప్రీంకోర్టు 2023 జనవరి 31న స్పష్టం చేసింది. యూనిఫాంలో ఉన్నవారు "ఇద్దరం ఒప్పుకున్నాం" అనడం అక్కడ చెల్లదని అనుకునే నడుచుకోవాలి.

ఫొటోలు, వీడియోలు అసలే వద్దు. తీయడానికి ఒప్పుకున్నా, పంచడానికి ఒప్పుకోని ఆడవాళ్ల చిత్రాన్ని పంచితే బీఎన్‌ఎస్ 77 వర్తిస్తుంది, ఐటీ చట్టం 66ఇ కూడా వస్తుంది. చట్టం ఉన్నా, బయటికి పోయిన బొమ్మ వెనక్కి రాదు. ఎవరైనా బెదిరించి డబ్బు అడిగితే ఒక్క రూపాయి పంపకండి. చాట్ తుడిచేయకుండా స్క్రీన్‌షాట్లు దాచి, జాతీయ సైబర్ క్రైమ్ పోర్టల్‌లో ఫిర్యాదు పెట్టండి. డబ్బు ఇప్పటికే పోయి ఉంటే వెంటనే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి.

ఆరోగ్యం_మాత్రమే

"నెలకోసారి టెస్ట్ చేయించుకుంటే చాలు" అని చాలామంది అనుకుంటారు. ఎప్పుడు చేయించారన్నదే అసలు విషయం. హెచ్‌ఐవీకి నరం నుంచి రక్తం తీసి చేసే నాలుగో తరం పరీక్ష, కలిసిన 45 రోజులకు నమ్మదగిన జవాబు ఇస్తుంది. వేలి చుక్కతో చేసే ర్యాపిడ్ పరీక్షకు 90 రోజులు ఆగాలి. గనేరియా, క్లమీడియాలకు రెండు వారాల తర్వాత మూత్ర నమూనాతో న్యాట్ (క్రిమి జన్యుపదార్థాన్ని పట్టే) పరీక్ష. సిఫిలిస్‌కు ఆరు వారాలకు ఒకసారి, 90 రోజులకు మళ్లీ. పదో రోజున చేయించి "నెగెటివ్" అని చూపించే కాగితానికి విలువ లేదు.

కాబట్టి కొత్త మనిషి వస్తే, ముగ్గురూ పరీక్షలు చేయించుకుని, 90 రోజుల దాకా బయటా ఇంట్లోనూ కండోమ్ వాడాలి. ఇంట్లో మానేయడం దగ్గరే చాలామంది జారిపోతారు. లేటెక్స్ కండోమ్‌తో కొబ్బరినూనె వాడొద్దు, చిరిగిపోతుంది. నీటి ఆధారిత జెల్ మాత్రమే. హెర్పిస్, హెచ్‌పీవీ చర్మం తగిలి వస్తాయి గనక కండోమ్ వాటిని పూర్తిగా ఆపదు. హెచ్‌పీవీ టీకా పెద్దవాళ్లకు 0, 2, 6 నెలల్లో మూడు డోసులు. హెపటైటిస్ బి టీకా 0, 1, 6.

కండోమ్ చిరిగి, అవతలి మనిషి హెచ్‌ఐవీ స్థితి తెలియకపోతే 72 గంటల్లోపే పెప్ (హెచ్‌ఐవీ సోకకుండా ఆపే) మందులు మొదలుపెట్టాలి, ఎంత తొందరైతే అంత మంచిది, 28 రోజులు వాడాలి. కేజీహెచ్ (కింగ్ జార్జ్ ఆసుపత్రి)లో హెచ్‌ఐవీ మందులిచ్చే ఏఆర్‌టీ కేంద్రం ఉంది, అక్కడ అడగండి. ప్రభుత్వ ఐసీటీసీల్లో (కౌన్సెలింగ్, పరీక్ష కేంద్రాల్లో) హెచ్‌ఐవీ పరీక్ష ఉచితం, పేరు గుట్టుగానే ఉంచుతారు. సందేహం ఉంటే ఎయిడ్స్ హెల్ప్‌లైన్ 1097.

2012లో అమెరికాలో వచ్చిన ఒక పరిశోధనలో, గుట్టుగా మోసం చేసేవారి కంటే ఒప్పందంతో ఉన్నవారు కండోమ్ ఎక్కువగా, సరిగ్గా వాడుతున్నట్టు తేలింది. అది వాళ్ల దేశపు మనుషుల గురించి, వాళ్లు చెప్పిన మాటల మీద. దాన్ని ఇక్కడ హామీగా తీసుకోకండి.

గాజువాక_భారతి

గర్భం మాట ఎవరూ ఎత్తలేదు. వకీలు గారు చెప్పిన 116 సంగతి చదివాక ఇది ఇంకా ముఖ్యం. కండోమ్ ఒక్కదాని మీద ఆధారపడితే ఆ భారమంతా ఆడమనిషి ఒంటి మీదే పడుతుంది. కాపర్-టీ లాంటి రెండో రక్షణ లేకుండా మొదలుపెట్టకూడదు. రక్షణ తప్పితే, గర్భం రాకుండా 1.5 మిల్లీగ్రాముల లెవోనార్జెస్ట్రెల్ మాత్ర 72 గంటల్లోపు వేసుకోవాలి. అది అత్యవసరానికే, అలవాటుకి కాదు.

మధురవాడ_లెక్కలు

కౌన్సెలింగ్ గారి మాటతో నా వాదనను కొంత మార్చుకుంటున్నాను. మధ్యలో తెంపే వీటో వద్దు. కానీ ముందే వద్దనే జాబితా గట్టిగా ఉండాలి. ఈ ఊళ్లో ఎవరిని కదిపినా ఆంధ్రా యూనివర్సిటీలో ఎవరికో బ్యాచ్‌మేట్, స్టీల్ ప్లాంట్ టౌన్‌షిప్‌లో ఎవరికో పక్కింటివాళ్లు. అందుకని బంధువులు, ఇద్దరిలో ఎవరి ఆఫీసు వాళ్లైనా, సొంత అపార్ట్‌మెంట్ వాళ్లు, స్నేహితుల జీవిత భాగస్వాములు, పిల్లల టీచర్లు: వీళ్లెవరూ కాదు. ఇంట్లో, ఇంటి మంచం మీద కాదు. పిల్లలకు పరిచయం చేయడం లేదు. ఖర్చు ఉమ్మడి ఖాతా నుంచి కాదు. నెలకు ఇద్దరికీ సమానంగా ఒక మొత్తం విడిగా పెట్టుకుని, అందులోంచే. ఆవిడకి జీతం లేకపోయినా ఆ మొత్తం సమానమే.

నేను రాసిన షరతు ఇది, తప్పులుంటే చెప్పండి: "కొత్త మనిషిని రెండోసారి కలిసే ముందు పేరు, పని చెప్పాలి. వద్దనే జాబితాలో ఉన్నవారైతే అక్కడితో ఆపాలి. లేనివారైతే ఏడు రోజుల్లో కారణం చెప్పకుండా వద్దనవచ్చు. ఆ తర్వాత 14 రోజుల విరామం మాత్రమే అడగవచ్చు. డబ్బు అడిగినా, బెదిరించినా, జబ్బు దాచినా, పిల్లల దగ్గరికి వచ్చినా ఆ సంబంధం ఆ రోజే ముగియాలి."

సీతమ్మధార_కౌన్సెలింగ్

బాగుంది. ఒక్క మార్పు. "రెండోసారి కలిసే ముందు" అన్నచోట "మొదటిసారి శారీరకంగా కలిసే ముందు" అని రాయండి. పరీక్షల కాగితాలు, వద్దనే హక్కు రెండూ అప్పటికే తేలిపోవాలి. ఇంకొక వాక్యం చేర్చండి: "ఈ షరతు మొత్తం ఆ మూడో మనిషికి మొదటి రోజే చదివి వినిపించాలి." పెళ్లి చేసుకుంటానన్న ఆశ చూపి, నెరవేర్చే ఉద్దేశం లేకుండా ఒక స్త్రీతో శారీరక సంబంధం పెట్టుకోవడం బీఎన్‌ఎస్ 69 కింద నేరం, పదేళ్ల దాకా శిక్ష. చట్టం లేకపోయినా, తాను ఎంతవరకు వచ్చానో, ఎవరు ఎప్పుడు ఆపగలరో ఆ మనిషికి తెలియాలి. విని వెళ్లిపోతానంటే వెళ్లనివ్వాలి.

మధురవాడ_లెక్కలు

రెండూ చేర్చాను. భారతి గారు అడిగిన "ఆరు నెలల దాకా మళ్లీ అడగను" అన్నదాన్ని అన్నిటికంటే పైన పెట్టాను.