‘ది లైనప్’ (1958): మొదట్లోని పోలీసు భాగం కోసేస్తే సినిమా బాగుపడుతుందా?

ఆఖరి_రీలు:
డాన్ సీగెల్ తీసిన ఈ సినిమాకి ఉన్న పెద్ద జబ్బు దాని మొదటి భాగమే. కథ తెలియనివాళ్ల కోసం నాలుగు ముక్కలు. ఆసియా యాత్ర ముగించుకుని ఓడలో శాన్‌ఫ్రాన్సిస్కో చేరే టూరిస్టుల సామాన్లలో వాళ్లకే తెలియకుండా హెరాయిన్ దాచిపెడతారు. వాళ్లు కస్టమ్స్ దాటి ఊళ్లోకి వచ్చాక డాన్సర్ (ఈలై వాలక్), జూలియన్ (రాబర్ట్ కీత్) ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్లి సరుకు వసూలు చేసుకుంటారు. ఈ ఇద్దరూ తెర మీదకి వచ్చేసరికి 20 నిమిషాలు దాటిపోతాయి. అప్పటిదాకా మనం చూసేది టీవీ ఎపిసోడ్. నిజంగానే అంతే. అమెరికా టీవీ చానల్ సీబీఎస్‌లో 1954 నుంచి అప్పట్లో నడుస్తున్న పోలీసు సీరియల్ పేరు వాడుకుని కొలంబియా స్టూడియో తీసిన సినిమా ఇది, అందులోని లెఫ్టినెంట్ గత్రీనే ఇక్కడా దింపారు. ఆ భాగం తీసేసి, డాన్సర్ ఇంగ్లీషు వ్యాకరణం బట్టీపడుతూ కనిపించే విమానం సీనుతో మొదలుపెట్టి చూడండి. సినిమా ఇంకో స్థాయికి వెళ్తుంది.

నలుపు_తెలుపు:
ఒప్పుకోను. మొదటి నిమిషంలో ఏం జరుగుతుందో మళ్లీ చూడండి. రేవులో పోర్టర్ ఒక ప్రయాణికుడి సూట్‌కేసు లాక్కుని టాక్సీలోకి విసిరేస్తాడు. టాక్సీ దూసుకెళ్లి లారీని గుద్దుతుంది, ఒక పోలీసును తొక్కేస్తుంది. చచ్చేముందు ఆ పోలీసు కాల్చిన తూటాకి డ్రైవరూ పోతాడు. ఇదంతా దాదాపు మాటల్లేకుండానే. ఆ సూట్‌కేసులోని బొమ్మలో హెరాయిన్ దొరుకుతుంది, బొమ్మ కొన్న పెద్దమనిషికి ఏమీ తెలియదు. స్మగ్లింగ్ ఏ పద్ధతిలో నడుస్తుందో మనకి అర్థమయ్యేది ఇక్కడే. ఇది కోసేస్తే డాన్సర్ ఒక్కో ఇంటి తలుపు ఎందుకు తడుతున్నాడో ప్రేక్షకుడికి ఎవరు చెప్తారు?

బాల్కనీ_టికెట్:
చివరి ఛేజ్‌లో కారు లోపలి షాట్లు బ్యాక్ ప్రొజెక్షన్ (స్టూడియోలో కారు వెనక తెర మీద రోడ్డు ఫిల్ము వేసి తీసినవి). దాని గురించి ఒక్కరూ మాట్లాడరేం?

ఆఖరి_రీలు:
@నలుపు_తెలుపు గారూ, పద్ధతి ఏమిటో డాన్సరే చెప్తాడు, అదీ పని చేస్తూ చెప్తాడు. నావికుడి దగ్గర ఒక రకం, ఆవిరి స్నానాల గదిలో. వాడికి సరుకు సంగతి తెలిసిపోయి వాటా అడిగాడు, చచ్చాడు. డబ్బున్న దంపతుల ఇంట్లో సరుకు కత్తులు, ఫోర్కుల పిడుల్లో ఉంది. మూడోది చిన్నపిల్ల చేతిలోని జపాన్ బొమ్మ. ఈ మూడూ చూశాక పద్ధతి తెలియని ప్రేక్షకుడు ఉంటాడా? దానికి ముందు పోలీసు ల్యాబ్, గుర్తింపు పరేడ్, కారులో కూర్చుని కబుర్లు ఎందుకు? చెప్పిందే చెప్పడం తప్ప ఏముంది అందులో?

పద్మజ_కె:
బొమ్మ దగ్గరే నా అభ్యంతరం. పాప ఆ పొడి తీసి బొమ్మ మొహానికి పౌడరు రాసేసిందట, అంతా అయిపోయిందట. ఇంత పెద్ద ముఠా ఒక పిల్ల ఆట వల్ల కూలిపోవడం రచయిత అవసరం కోసం అల్లిందే కదా?

ఆఖరి_రీలు:
కాదు పద్మజ గారూ, సినిమాకి ఆయువుపట్టు అదే. మోసేవాడికి తెలియకపోవడమే ఈ పద్ధతి బలం. అమాయకుడి మొహంలో బెరుకు ఉండదు, కస్టమ్స్ వాడికి అనుమానం రాదు. కానీ తెలియనివాడు సరుకుని కాపాడడు కూడా. అమ్మేయొచ్చు, ఎవరికైనా ఇచ్చేయొచ్చు, పిల్ల చేతికి ఆటకివ్వొచ్చు. బలమూ బలహీనతా ఒకచోటే ఉన్నాయి. పైగా ముఠాకి ఇంకో నియమం ఉంది: సుట్రోస్‌లో (ఐస్ స్కేటింగ్ రింకు ఉన్న పాత స్నానశాలల భవనం) చెప్పిన చోట సరుకు పెట్టి వెళ్లిపోవాలి, తీసుకునేవాడిని చూడకూడదు. సరుకు తగ్గింది కాబట్టి డాన్సర్ కారణం చెప్పుకోవాలి, చెప్పాలంటే ఆగాలి, ఆగితే ఆ తీసుకునేవాడిని, అంటే చక్రాల కుర్చీలో వచ్చే ముఠా పెద్దని చూడాలి. చూసినవాడు బతకకూడదు. ఆ మాట అతని నోట విని, చెంపదెబ్బ తిన్నాక డాన్సర్ ఆ కుర్చీని పై అంతస్తు నుంచి కింద ఐస్ స్కేటింగ్ చేస్తున్న జనం మీదకి తోసేస్తాడు. ముఠాని కూల్చింది దాని నియమాలే, పోలీసులు కాదు. అందుకే వాళ్లకి అంత చోటు ఇవ్వడం అన్యాయం అంటున్నాను.

బాల్కనీ_టికెట్:
బ్యాక్ ప్రొజెక్షన్ సంగతి మళ్లీ అడుగుతున్నాను. బయటి షాట్లన్నీ అసలు రోడ్ల మీద తీశారు. అప్పటికి కట్టడం పూర్తికాని ఎంబార్కడెరో ఫ్రీవే (స్తంభాల మీద కట్టిన రోడ్డు) గాలిలో ఆగిపోయిన చోట కారు బ్రేకు వేస్తే ఒళ్లు జలదరిస్తుంది. మరుక్షణం కారు లోపలికి కట్ చేయగానే ఆ భయం పోతుంది. కారణం చెప్తాను. ముందు కారు మీద కెమెరా పెట్టి రోడ్డు తీస్తారు. స్టూడియోలో, కాంతి అవతలికి వచ్చే తెర మీద వెనకనుంచి ఆ ప్రింటు వేస్తారు. తెర ముందు కదలని కారులో నటులు ఉంటారు. ప్రొజెక్టరు, కెమెరా షట్టర్లు ఒకే క్షణంలో తెరుచుకోవాలి, లేకపోతే రోడ్డు మినుకుమినుకుమంటుంది. అది కుదిరినా తెర మధ్యలో వెలుగు ఎక్కువ, అంచుల్లో తక్కువ. నటుల లైటు తెర మీద పడితే నలుపు కాస్తా బూడిద రంగవుతుంది. రోడ్డు బొమ్మ రెండోసారి ఫిల్ముకెక్కుతుంది కాబట్టి గ్రెయిన్ (బొమ్మలో చుక్కల గరుకుదనం) పెరుగుతుంది. అన్నిటికీ మించి, స్టీరింగు తిప్పిన క్షణం, వెనక రోడ్డు తిరిగిన క్షణం కలవవు. ఇక్కడ ఆ లోపాలు కొట్టొచ్చినట్టు కనిపిస్తాయి. పోలీసు భాగం కంటే సినిమాని ఎక్కువ దెబ్బతీసింది ఇదే.

నలుపు_తెలుపు:
@బాల్కనీ_టికెట్ ఆ కాలంలో మాటలు రికార్డు చేయాలంటే చప్పుడు బయటికి రాని బరువైన స్టూడియో కెమెరా, నటుల మీద లైట్లు కావాలి. పరిగెత్తే కారులో అవి పట్టడం కష్టం. వదిలేయండి.

@ఆఖరి_రీలు, ప్రతి చర్చలోనూ మీది ఇదే వరస. పోయిన నెల నేను పోలీసు సినిమాల మీద రాసిన పోస్టుకీ సగం చదివే జవాబిచ్చారు. పోలీసు కనిపిస్తే చాలు, కోసేయమంటారు.

ఆఖరి_రీలు:
సగం చదివి కాదు, అంతా చదివే. పోలీసు ఎందుకు కనిపిస్తున్నాడో మీరే అడగడం లేదు. హాలీవుడ్ ప్రొడక్షన్ కోడ్ (స్టూడియోలు తమకి తామే పెట్టుకున్న సెన్సారు నియమావళి) 1934 నుంచి గట్టిగా అమలైంది, మాదకద్రవ్యాల వ్యాపారం తెర మీద చూపకూడదంది. 1946లో సడలించారు, 1951లో మళ్లీ బిగించారు, 1956 చివర్లో మళ్లీ వదిలారు. ఆ మధ్యలో 1948లో ‘టు ది ఎండ్స్ ఆఫ్ ది ఎర్త్’ ఎలా వచ్చింది? ఫెడరల్ నార్కోటిక్స్ బ్యూరో కమిషనర్ ఆన్‌స్లింగర్ స్వయంగా తన పాత్రలో తెర మీద కూర్చున్నాడు. షాంఘై నుంచి హవానా దాకా కథంతా ఏజెంటు కళ్లతోనే. ప్రభుత్వం పక్కన నిలబడితేనే నల్లమందు మాట ఎత్తొచ్చు, ఇదీ ఏర్పాటు. ‘ది లైనప్’లో గత్రీ ఆ ఏర్పాటు తాలూకు మిగులు. కళ కోసం వచ్చినవాడు కాదు.

నలుపు_తెలుపు:
ఇప్పుడు బయటపడింది అసలు సంగతి! మీకు అడ్డం నిడివి కాదు, చట్టం తెర మీద ఉండటం. సరే, నాదీ చెప్తాను. గంటన్నర లోపు సినిమా అంతా హంతకుల కారులోనే కూర్చుంటే, చచ్చినవాళ్ల లెక్క ఎవరు రాస్తారు? జూలియన్ రాస్తాడు, చనిపోయేవాళ్ల ఆఖరి మాటలు నోటుబుక్కులో సరదా కోసం. కత్తుల పిడులు అడ్డుకోబోయి చచ్చిన ఆ ఇంటి పనివాడు అతనికి ఒక వాక్యం, అంతే. రేవులో చనిపోయిన పోలీసుని ముందే చూశాం కాబట్టే ఆ నోటుబుక్కు మనకి అసహ్యం పుట్టిస్తుంది. అది లేకపోతే తెలివైన వాడి చమత్కారంగా మిగులుతుంది. ఆన్‌స్లింగర్ ఎందుకు ఒప్పుకున్నాడన్నది చరిత్ర. ప్రేక్షకుడు ఎక్కడ నిలబడి చూస్తున్నాడన్నది సినిమా.

పద్మజ_కె:
ఈ రెండు పోస్టులూ మొదట్లోనే వచ్చుంటే బాగుండేది. పనివాడి విషయంలో నలుపు_తెలుపు గారి మాట నిజం. అతని చావు మీద సినిమా ఒక్క క్షణం కూడా ఆగదు.

ఆఖరి_రీలు:
ఆగకపోవడమే సీగెల్ చెప్తున్నది. డాన్సర్ ఆగడు కాబట్టి సినిమా ఆగదు. ప్రేక్షకుడికి అసహ్యం పుట్టడానికి పక్కన గత్రీ నిలబడి మొహం చిట్లించాలా? మనుషుల మీద నాకు అంతకంటే నమ్మకం ఉంది. రేవు సీను ఉంచుతాను, అందులో పోలీసు చనిపోవడం కూడా ఉంచుతాను. అక్కడి నుంచి నేరుగా విమానంలోకి కట్.

నలుపు_తెలుపు:
అలా కోస్తే చివర్లో ఫ్రీవే మీద తుపాకులతో వచ్చినవాళ్లు ఎవరో మనకి తెలియదు. బొమ్మ ఉన్న ఆ పాప, ఆమె తల్లి బందీలుగా డాన్సర్ కారులో ఉన్నప్పుడు, వెనక వచ్చేది ఎవరో తెలిసి ఉండాలి. ఒప్పుకోను.

బాల్కనీ_టికెట్:
ఆ ఫ్రీవే ఇప్పుడు లేదు. 1989 భూకంపంలో దెబ్బతింటే 1991లో కూల్చేశారు. సుట్రోస్ 1966లోనే కాలిపోయింది. బయటి షాట్లకి ఉన్న విలువ ఇదీ. కారు లోపల కూడా ఊరే కనిపించి ఉంటే ఇంకెంత మిగిలేది!