మట్టిబొమ్మలతో తీసినది డాక్యుమెంటరీ అవుతుందా?

హంద్రీ తీరం (కర్నూలు): కంబోడియా దర్శకుడు రితీ పాన్ అక్కడి అంతర్యుద్ధపు గాయాలపై 2013లో తీసిన డాక్యుమెంటరీ ‘ది మిస్సింగ్ పిక్చర్’ చూశాను. 1975 ఏప్రిల్ 17న ఖ్మేర్ రూజ్ అనే కమ్యూనిస్టు దళాలు రాజధాని నామ్‌పెన్ నగరాన్ని పట్టుకుని జనాన్ని వెళ్లగొట్టినప్పుడు ఆయన బాలుడు. తల్లిదండ్రులు ఆ పాలనలోనే చనిపోయారు. పాలకుల ప్రచార చిత్రాలు మిగిలాయి గానీ ఆకలి చావుల దృశ్యాలు మిగల్లేదు. అందుకే ఆయన మట్టిబొమ్మలు చేయించి రంగులు వేయించి చూపించారు. మన సీమ కక్షలనూ ఇలా తీయాలి. నిమ్మలకుంట తోలుబొమ్మలు ఉండనే ఉన్నాయి.

గండికోట (కడప): డాక్యుమెంటరీ అంటే సాక్ష్యం. బొమ్మ చేతిలో కత్తి పెట్టేది దర్శకుడే కదా!

చిత్రావతి (అనంతపురం): కంబోడియాలో అంతర్యుద్ధం 1975తో ముగిసింది. తర్వాతది ప్రభుత్వమే ప్రజలను చంపడం. రెండూ కలపకండి.

హంద్రీ తీరం: యుద్ధంలో గెలిచినవారే చంపారు, విడదీస్తే ఏమి అర్థమవుతుంది? గండికోట గారూ, ‘ది యాక్ట్ ఆఫ్ కిల్లింగ్’ డాక్యుమెంటరీలో, 1965–66లో కమ్యూనిస్టులనే ముద్ర వేసి జనాన్ని చంపిన ఇండోనేసియా హంతకులే తాము చంపిన తీరు నటించి చూపారు. చిత్ర బృందంలోని స్థానికులు చాలామంది భయంతో పేర్లు కూడా వేసుకోలేదు. అది సాక్ష్యం కాదా?

చిత్రావతి: అదీ అంతర్యుద్ధం కాదు.

గండికోట: హంతకుడికి వేషం కట్టి కెమెరా ముందు నిలబెట్టారు. చనిపోయినవారికి ఏమి ఇచ్చారు?

హంద్రీ తీరం: అన్నీ మరిచిపోదామనేవారి వాదన ఇలాగే ఉంటుంది.

గండికోట: నేను మరిచిపోయానా? మా నాన్నను బస్సులోంచి దించి నరికారు. కొన్నేళ్ల కిందట ఒక బృందం వచ్చి, ఆ రోజు అమ్మ ఎక్కడ పడి ఏడ్చిందో అక్కడికే తీసుకుపోయి మళ్లీ చెప్పమంది. చెప్పింది. ఆ తర్వాత చాలా రోజులు అన్నం సరిగా తినలేదు. ఆ చిత్రం మాకు చూపించనైనా లేదు. ఇప్పుడు అవతలివారి పిల్లలు, మా పిల్లలు ఒకే బడికి పోతున్నారు. దానికోసం అమ్మ ఎంత దిగమింగుకుందో మీకేమి తెలుసు?

యోగి వేమన అభిమాని: గండికోట అన్న మాటే నా మాట.

హంద్రీ తీరం: మీ అమ్మగారిని అడిగే హక్కు ఎవరికీ లేదు. కానీ నేను చంపినవారి ఇంట్లో పుట్టినవాడిని. మా తాత ఫోటోకు ఏటా దండ వేస్తారు. ఆయన ఏమి చేశాడో ఇంట్లో ఎవరూ నోరు విప్పరు. మీ మౌనం వేరు, మావారి మౌనం వేరు. నేను తీయాలనుకుంటున్నది మా ఇంటి మౌనాన్ని.

చిత్రావతి: ఊరి పేరు వేస్తారా?

హంద్రీ తీరం: వేస్తాను. మా తాత పేరు కూడా.

గండికోట: ఆయన పేరు వేస్తే ఆయన చంపినవారి పేర్లూ బయటికి వస్తాయి. ముందు వారి ఇళ్లకు వెళ్లి అడిగి రండి. వద్దంటే మానుకుంటారా?